చీకటి గళ్ళు

తలుపు తీసింది అత్తగారు.

పోయిన వారం మనం కోడల్ని సరిగ్గా అక్కడే, మాస్టారింటి ముందు, కాలింగ్ బెల్ మీద వేలు పెట్టి నిలబడి ఉండగా వదిలేసి ఎవరి పనుల్లో వాళ్ళం పడ్డాం. పాపం, అప్పటినుంచీ ఆ వేలు బెల్ మీదే ఉంది. దాన్ని దించేలోగా, దారిలో కలిసినవాళ్ళ కోసం నాలుగు ముక్కలు చెప్పేస్తాను.

మన కోడలు పనిచేసేది ఫోటోలు దాచిపెట్టే ఆఫీసులో. జనం తమ ఇళ్ళలోని ఫోటోలన్నీ తెచ్చి ఆ ఆఫీసు కంప్యూటర్లకి అప్పగిస్తారు. ఉన్నవి ఉన్నట్టు దాచాలంటే చోటు చాలదు కాబట్టి ప్రతి ఫోటోనీ కుదించి పెడతారు. ఆ కుదించే పని ఒక లైబ్రరీ ఫైలుది. లైబ్రరీ అన్నాను కదా అని పుస్తకాలూ అలమరాలూ ఊహించుకోకండి. వీధి మొత్తానికీ ఒకటే నిచ్చెన ఉంటే అందరూ అడిగి పట్టుకెళ్ళినట్టు, ఆఫీసులో ఏ ప్రోగ్రాముకి ఫోటో కుదించే అవసరం వచ్చినా ఆ ఒక్క ఫైలునే వాడుకుంటుంది. అది ఫోటోని చిన్న చిన్న గళ్ళుగా కోసి, ఒక్కో గడిలో మనిషి కంటికి ఆనని వివరమేదో చూసి తీసి పారేస్తుంది. పారేసింది మళ్ళీ రాదు. ఎంత పారేయాలో చెప్పే అంకెల పట్టికలు ఆ ఫైలులోనే ఉంటాయి. ఆ ఫైలుకి కాపలా మన కోడలు.

ఆ ఫైలు పాతబడింది. రేపు పొద్దున దాన్ని తీసేసి కొత్తది పెడుతున్నారు. కొత్త ఫైలు పాత ఫోటోలన్నిటినీ మళ్ళీ కుదించి, అదే పేరుతో, అదే చోట, వాటిమీదే రాసేస్తుంది. మొన్న సోమవారం కోడలు కంప్యూటర్లో ఎవరికీ చెందని ఏదో పాత అర ఒకటి తీసి, అందులోని ఫోటోల మీద కొత్త ఫైలు నడిపి చూపిస్తే అవి సగానికి సగం చిక్కిపోయాయి. చూసి పై అధికారి చప్పట్లు కొట్టాడు. ఆఫీసులో ఆయన పేరు తొందరబాబు. మీరు ప్రశ్న పూర్తిచేసేలోగా జవాబు చెప్పి, ఆ జవాబు మీరు వినేలోగా వెళ్ళిపోయే మనిషి.

అంతా సవ్యంగా సాగుతుండగా పాత ఫైలులో ఒక వింత కోడలి కంటపడింది. అందులో వెలుతురు గళ్ళకి ఒక పట్టిక ఉంది, చీకటి గళ్ళకి వేరే పట్టిక ఉంది. చీకటి గళ్ళలోంచి దాదాపు ఏమీ పారేయకూడదట. ఆఫీసులో చోటంతా తినేస్తున్నది ఆ పట్టికే. దాని పక్కన, ఎప్పుడో ఆ ఫైలు రాసి రిటైరైన మాస్టారు ఒక మాట రాసి పెట్టారు: ‘ఈ అంకెలు ముట్టుకోవద్దు. తప్పదంటే ఆవిడని అడగండి.’

ఆవిడెవరో కనుక్కుందామని మధ్యాహ్నం సెలవు పెట్టి వచ్చిన కోడలికి, అదిగో, సొంత అత్తగారు తలుపు తీసింది.

“ఎవరు కావాలండీ?” అంది అత్తగారు.

ఇద్దరి మధ్యా గడప వెడల్పు తప్ప దూరం లేదు. అత్తగారు నేరుగా ఆమె ముఖంలోకే చూస్తోంది. చూస్తూనే, ముక్కూ మొహం తెలియని మనిషితో మాట్లాడినట్టు, మర్యాదగా నవ్వుతోంది. స్నేహితురాలింటికని చెప్పి ఇక్కడికి వచ్చి దొరికిపోయినందుకు నాటకమాడుతోందా? మీరు ఇప్పుడు ఊహించుకున్నదే కోడలూ ఒక్క క్షణం ఊహించుకుంది. అందులో ఆమె తప్పేమీ లేదు. తలుపు వెనకాల మాస్టారి చెప్పుల పక్కన అత్తగారి చెప్పులు ఎంతో అలవాటుగా సర్దుకుని ఉన్నాయి మరి.

“నేనే అత్తయ్యా,” అంది చివరికి.

అత్తగారి నవ్వు జారిపోయింది. “నువ్వా! వెలుతురు నీ వెనకనించి పడుతోంది, అందుకే ఆనలేదు.”

కోడలు వెనక్కి తిరిగి చూసింది. వెనక ఉన్నది మూసిన తలుపుల వరండా. వెలుతురు ఎక్కడా లేదు.

లోపల గది మరీ విచిత్రంగా ఉంది. గోడలకి బూడిదరంగు, పైకప్పుకీ బూడిదరంగే. రంగులు చూసి తేల్చే గదిలో గోడ ఏ పక్షమూ వహించకూడదట. కిటికీకి మందపాటి తెర, దాని అంచునుంచి ముసురు మధ్యాహ్నపు వెలుగు సన్నగా, పాలు కలిపిన నీళ్ళలా లోపలికి కారుతోంది. ఆ గదిలోకి అడుగుపెట్టినవాళ్ళకి తాము నిద్రలో ఉన్నామో మెలకువగా ఉన్నామో ఒక పట్టాన తేలదు. మధ్యలో ఒక కుర్చీ, ఎదురుగా నల్లగుడ్డ ముసుగు వేసిన కంప్యూటర్ తెర. తెర పైఅంచుకి ఒక దారం కట్టి ఉంది. కుర్చీలో కూర్చున్నవాళ్ళు ఆ దారం కొసని నుదుటికి ఆనించుకుంటే, కంటికీ బొమ్మకీ మధ్య దూరం రోజూ ఒకేలా ఉంటుంది. దారం కొస చెమటకి నల్లబడి మెరుస్తోంది.

“రామ్మా, కూర్చో,” అన్నారు మాస్టారు. సన్నటి మనిషి, భుజాలమీద శాలువా, అడుగులో అడుగు వేస్తూ నడుస్తున్నారు. దొంగతనంగా బొమ్మలు గీస్తూ దొరికిపోయిన పిల్లాడి ముఖం పెట్టారు.

కోడలు కూర్చోలేదు. తెర మీద పక్కపక్కన రెండు బొమ్మలున్నాయి. ఎడమ పక్క బొమ్మలో చెరువు, చెరువులో ఎర్రటి పడవ. కుడి పక్క బొమ్మలో ఉత్త నీళ్ళు.

“మీ ఆట మీరు పూర్తిచేసుకోండి. నేను చూస్తాను,” అంది. గొంతులో కోపం ఉంది, దాచుకోలేదు.

అత్తగారు ఏమనుకుందో, తడుముకుంటూ వెళ్ళి కుర్చీలో కూర్చుని దారం నుదుటికి ఆనించుకుంది.

“తేడా ఉందా?” అడిగారు మాస్టారు మెల్లగా.

అత్తగారు చాలాసేపు చూసింది. తల కాస్త పక్కకి తిప్పి, కంటి కొసతో చూసింది. “లేదు,” అంది.

కోడలు మళ్ళీ తెర వంక చూసింది. అంత ఎర్రటి పడవ. వీధి చివరనుంచి చూసినా కనబడే పడవ.

అప్పుడు ఇంట్లో సంగతులన్నీ ఒక్కొక్కటే ఆమె కళ్ళముందు కదిలాయి. కడిగినా మరకలు మిగిలిపోతున్న కప్పులు. కొడుకు తెల్ల చొక్కాకి కుట్టిన నీలం బొత్తాం. వార్తలు చదివిపెట్టమని మనవడికి లంచంగా ఇచ్చే చాక్లెట్లు. మొన్నటికి మొన్న వంటింట్లో భర్తతో తాను అన్నమాట కూడా గుర్తొచ్చింది: “మీ అమ్మగారికి ఈ మధ్య కళ్ళు నెత్తికెక్కాయి.” అనేసి నవ్వింది కూడా. ఇప్పుడు ఆ నవ్వు తలుచుకుంటే తల కొట్టేసినట్టయింది.

“ఎన్నాళ్ళనుంచి?” అంది. కోపం ఎటుపోయిందో తెలియదు.

“మధ్యలోది ముందు పోతుందట. అంచులు చివరిదాకా ఉంటాయట,” అంది అత్తగారు, ఎవరి ఇంటి సంగతో చెబుతున్నట్టు. “నీ ముఖం ఉండాల్సిన చోట బూడిదరంగు మచ్చ కనపడుతుంది. నీ చెవులు మాత్రం బాగా తెలుస్తాయి. ఇంకెంత మిగిలిందో ఇక్కడికొచ్చి చూసుకుంటున్నాను. మా వాడికి చెప్పావంటే ఊరుకోను.”

కోడలికి నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. ఆమె ఏదో అనబోయేలోగా ఫోన్ మోగింది. తొందరబాబు.

“ఒకే ఒక్క మాటమ్మా. అటక ఖాళీ చేసేవాళ్ళని రేపు రమ్మంటే ఇవాళే వచ్చి కూర్చున్నారు. కానిచ్చెయ్యమందామా? మీరు ఊఁ అంటే చాలు.”

దాచిన ప్రతి ఫోటోకీ పాత నకలు ఒకటి వేరే యంత్రాల్లో ఉంటుంది. ఆఫీసులో దానికి అటక అని పేరు. కొత్త ఫైలుతో పాటే చోటు కోసం దాన్నీ ఖాళీ చేయాలని ముందే అనుకున్నారు. కోడలి చూపు అత్తగారి నుదుటిమీద ఉంది. దారం ఆనిన చోట చిన్న గుంటలాంటి గుర్తు పడి ఉంది. ఎన్ని గంటలు కూర్చుంటే పడుతుందో అలాంటి గుర్తు అనుకుంటోంది ఆమె.

“ఊఁ,” అంది.

అది చెవిన పడిందో లేదో, ఫోన్ పెట్టేశాడు.

“మీ ఫైలు తీసేసి రేపు కొత్తది పెడుతున్నారు మాస్టారూ. పాతదాంట్లో మీరు రాసిన ‘ఆవిడ’ మా అత్తయ్యేనా?” అడిగింది కోడలు. అడుగుతూనే జవాబు తెలిసిపోయింది.

మాస్టారు కిటికీ పక్కన స్టూల్ మీద కూర్చున్నారు. “అప్పట్లో మా ఆఫీసు కింద మీ అత్తగారి దుకాణం ఉండేది. కోట్లకీ శాలువాలకీ పడ్డ చిరుగుల్ని అదే రంగు దారంతో కనపడకుండా అల్లేవారు. ఫోటోలోంచి ఏది పారేస్తే కంటికి తెలియదో తేల్చాలంటే, రోజూ కూర్చుని చూసే కళ్ళు కావాలి కదమ్మా. నలుగురిని కూర్చోబెట్టాం. ఈవిడొకరు.”

“కూర్చోబెట్టి రెండు బొమ్మలు చూపించేవారు,” అంది అత్తగారు. “ఒకటి అసలుది, ఒకటి కుదించింది. తేడా ఉందా, లేదా. పొద్దస్తమానం అదే మాట. ఇంటికెళ్ళాక మీ మావయ్య కూరలో ఉప్పుందా అంటే, తేడా లేదండీ అనేదాన్ని.”

మాస్టారు నవ్వారు. “జనానికి మొహమాటం ఎక్కువమ్మా. అడిగాం కదా అని, కనపడకపోయినా ఉందనేస్తారు. అందుకని ఒక పద్ధతి పెట్టాం. ఎవరైనా ఉంది అంటే వెంటనే, ఎక్కడ అని అడగాలి. వేలుపెట్టి చూపిస్తేనే లెక్క. చాలామంది అక్కడ నీళ్ళు నమిలేవారు. ఈవిడ ఒక్కనాడూ నమల్లేదు.”

“మరి చీకటి పట్టిక?”

ఇద్దరూ ఒకరి వంక ఒకరు తిరిగారు. చెప్పాల్సింది ఎవరో తేల్చుకున్నట్టున్నారు. అత్తగారే మొదలుపెట్టింది.

“పరీక్షకి ఎవరింటి ఫోటోలు వాళ్ళని తెచ్చుకోమన్నారు. నేను మా వాడు మొదటిసారి బడికి వెళ్ళిన రోజుది తెచ్చాను. ఇంటి మెట్లమీద వాడూ నేనూ. వాడు నోరంతా తెరిచి ఏడుస్తున్నాడు. వెనకాల గుమ్మం, లోపలంతా చీకటి. ఆ చీకట్లో మీ మావయ్య ఉన్నారు.”

కోడలు మామగారిని చూడలేదు. ఆమె ఆ ఇంటికి రాకముందే, భర్త ఇంకా నిక్కర్లలో ఉండగానే ఆయన పోయారు. గోడమీద ఫోటో కూడా లేదు. ఎందుకు లేదని అడిగితే ఇంట్లో ఎవరో ఒకరు మాట దాటేసేవాళ్ళు.

“ఆయనకి ఫోటో అంటే సిగ్గు. లేతు మిషన్ పనినుంచి అప్పుడే వచ్చారు, చొక్కా నిండా నూనె, నల్ల చొక్కా. రమ్మంటే రానన్నారు. గుమ్మం లోపలే నిలబడి చూస్తున్నారు. ఆయన ఉద్యోగం కార్డు మీద ఒక బొమ్మ ఉండేదిలే, కానీ దానిమీద ఆఫీసు ముద్ర ఎంత గట్టిగా కొట్టారంటే, మిగిలింది ముద్రే, మొహం లేదు. ఇక ఉన్నదల్లా ఆ గుమ్మం. ఆ కాగితం ఫోటో కూడా వాన కారి అద్దానికి అంటుకుపోయింది. మీ ఆఫీసులో ఉన్నదే మిగిలింది.”

“నిజం చెప్పొద్దూ,” అన్నారు మాస్టారు, “ఆ గుమ్మంలో నాకు నలుపు తప్ప ఏమీ కనపడలేదు. మిగతా ముగ్గురికీ కనపడలేదు. చీకటి కదా, ఎంత పారేసినా తెలియదులే అని పారేయబోయాం. ఈవిడ తేడా ఉందన్నారు. ఎక్కడ అన్నాను. వేలు తీసుకెళ్ళి గుమ్మం మధ్యలో పెట్టారు. కొంచెం తగ్గించి పారేశాం. మళ్ళీ ఉందన్నారు. ఇంకా తగ్గించాం. దాదాపు ఏమీ పారేయకుండా ఉంచాకగానీ లేదు అనలేదు. అంకెలు నాకు నచ్చలేదు. కానీ కనపడనిది కనపడిందని అబద్ధం చెప్పే మనిషైతే వేలు వణకాలి. వణకలేదు. అదే పట్టికలో పెట్టేశాను.”

“చూసి చెప్పానో, తెలిసి చెప్పానో నాకే తెలీదు,” అంది అత్తగారు. “అక్కడ ఉన్నారని తెలిసినప్పుడు, కనపడకుండా ఎలా ఉంటారు?”

ముసురు చప్పుడు కిటికీ తెరని దాటి లోపలికి వచ్చి, బూడిదరంగు గోడలకి తగిలి మెత్తబడుతోంది. కోడలికి ఆ ఊరి ఫోటోలన్నీ ఒక్కసారిగా కళ్ళముందు తేలినట్టనిపించింది. పెళ్ళి గుంపుల వెనక నిలబడ్డ వాళ్ళు, బస్సు కిటికీల్లో సగం ముఖాలు, దీపం ఆర్పిన గదుల్లో నిద్రపోతున్న పిల్లలు. ఎవరికీ తెలియకుండా, ఎవరూ అడగకుండా, వాళ్ళందరినీ ఈ కుర్చీలో కూర్చున్న ఒక మనిషి మొండితనం ఇన్నాళ్ళూ కాపాడుకొచ్చింది. తన కప్పుల మీది మరకలు చూడలేని మనిషి.

ఆమె అత్తగారి కుర్చీ పక్కన కింద కూర్చుంది. “అత్తయ్యా, మీ ఫోటో నేను విడిగా దాచేస్తాను. కొత్త ఫైలు దాని జోలికి రాకుండా చూస్తాను. బెంగపెట్టుకోకండి.”

“నా ఒక్క ఫోటో సంగతి కాదే అమ్మాయ్.” అత్తగారు ఆమెని ‘కాదే’ అంటూ చనువుగా పిలవడం అదే మొదటిసారి. “అందరి గుమ్మాల్లోనూ ఎవరో ఒకరు నిలబడే ఉంటారు. ముందుకి రమ్మంటే రానివాళ్ళు. నువ్వు ఆ ఫైలుకి కాపలా ఉన్నావని తెలిసిన రోజున నాకెంత ధైర్యం వచ్చిందో తెలుసా? చెబుదామంటే మొహమాటం. అత్తగారు ఆఫీసు పనిలో కూడా వేలు పెడుతోందనుకుంటావని.”

“అనుకునేదాన్నే,” అంది కోడలు. ఇద్దరూ నవ్వారు.

ఆ నవ్వులోనే కోడలు నిర్ణయించుకుంది. రేపు ఆ పని జరగనివ్వదు. ఆమె సంతకం లేకుండా కొత్త ఫైలు లోపలికి రాదు. తొందరబాబు ఎగరనీ, దూకనీ. చోటు చాలకపోతే చోటే కొనుక్కోమంటుంది.

“అయితే ఒక్కటి చెయ్యి,” అంది అత్తగారు, కుర్చీలోంచి లేస్తూ. “ఇక్కడ కూర్చో. ఆ ఫోటో తెరువు. నేనిక చూడలేను. ఆయన ఇంకా ఉన్నారో లేదో నువ్వు చూసి చెప్పు.”

“నా దగ్గర లేదమ్మా,” అన్నారు మాస్టారు. “ఆఫీసు సొత్తు కదా, ఆఫీసులోనే వదిలేసి వచ్చాను. నువ్వు ఇక్కణ్ణించే తెరవచ్చేమో. పాత పరీక్షలు అని ఒక అర ఉంటుంది, చూడు.”

కోడలు సంచిలోంచి లాప్‌టాప్ తీసి పెద్ద తెరకి తగిలించింది. కుర్చీలో కూర్చుని, ఇద్దర్నీ సంతోషపెట్టడానికి దారం కొస నుదుటికి ఆనించుకుంది. పాత పరీక్షలు. ఈ పేరు ఈమధ్యే ఎక్కడో చూశాను అనుకుంది. వేళ్ళు అర తెరిచేశాయి. మనసు మాత్రం ఆ పేరు దగ్గరే ఆగిపోయింది.

సోమవారం. ఎవరికీ చెందని పాత అర.

ఈ పనిలోకి వచ్చిన మొదటి రోజున ఎవరికైనా నేర్పే మొదటి పాఠం ఒకటుంది. అసలుదాని మీద ఎప్పుడూ రాయకు, నకలు తీసుకుని దానిమీద రాయి. కోడలు ఎందరో కుర్రవాళ్ళకి ఆ పాఠం తానే చెప్పింది. మొన్న సోమవారం మాత్రం తొందరబాబు భుజం వెనక నిలబడి కాలు ఊపుతుంటే, ఎవరివో పాత బొమ్మలే కదా అని, తిన్నగా అసలువాటి మీదే కొత్త ఫైలు నడిపేసింది.

ఫోటో తెరుచుకుంది. మెట్లు చక్కగా ఉన్నాయి. నోరు తెరిచి ఏడుస్తున్న తన భర్త చక్కగా ఉన్నాడు. వయసులో ఉన్న అత్తగారు, ఒక చేత్తో వాడి సంచి పట్టుకుని, ఎంతో బాగుంది. వెనక గుమ్మం నల్లగా ఉంది. కోడలు వెలుతురు పెంచింది. నలుపు పలచబడి బూడిదరంగైంది. ఇంకా పెంచింది. బూడిదరంగులోంచి గళ్ళు తేలాయి. నేలమీద బండలు పరిచినట్టు, నున్నగా, ఖాళీగా, వరసగా గళ్ళు. వాటిలో ఎవరూ లేరు.

అటకలో నకలుంది కదా అని ప్రాణం లేచొచ్చింది. వెంటనే తాను ఫోన్లో అన్న ఊఁ గుర్తొచ్చింది.

ఒడిలో ఫోన్ పెట్టుకుని, చూడకుండానే బొటనవేలితో ‘అటక ఆపండి’ అని పంపింది. అడగకముందే జవాబు చెప్పే తొందరబాబు, జీవితంలో మొదటిసారి, జవాబివ్వలేదు. మళ్ళీ పంపింది. మళ్ళీ లేదు.

“ఉన్నారా?” అంది అత్తగారు. ఆమె కుర్చీ వెనక నిలబడి, వీపు మీద చెయ్యి వేసింది. ఆ చెయ్యి వెచ్చగా ఉంది. సూది పట్టి పట్టి గట్టిపడ్డ వేలికొనలు చీరలోంచి కూడా తెలుస్తున్నాయి.

మాస్టారు స్టూల్ మీదనుంచి లేచి తెరవైపు రాబోయారు. కోడలు ఆయన వంక చూసింది. ఆ చూపులో ఏముందో, ఆయన అడుగు అక్కడే ఆగింది.

“ఉన్నారా అమ్మాయ్?”

ఇన్నాళ్ళూ ఈ కుర్చీలో కూర్చున్న మనిషి ఎవరికీ అబద్ధం చెప్పలేదు. ఆమె కోడలు తెరమీది ఖాళీ గళ్ళని మరోసారి చూసింది.

“ఉన్నారత్తయ్యా,” అంది.

అత్తగారి ముఖం ఒక్కసారిగా వెలిగింది. ఏ మచ్చా అడ్డంలేని మనిషిలా తెరవైపు తిరిగి, చాలాసేపు అలాగే నిలబడింది. చూపులేని ఆ కళ్ళనిండా నీళ్ళున్నాయి. తరవాత, ఎన్నో ఏళ్ళ అలవాటు తనంతట తానే నోటికొచ్చినట్టు, మెల్లగా అడిగింది.

“ఎక్కడ? వేలు పెట్టి చూపించు. నా చెయ్యి పట్టుకుని ఆయన దగ్గరికి తీసుకెళ్ళు. ఒక చేత్తో తలుపు పట్టుకుని ఉంటారు చూడు. ఏ చెయ్యి?”